కుడి చెవి

ఒక్క చెవి చాలులే, ఒంటి చెవితో బతికినవాళ్ళు లోకంలో లేరా, ఓల్డమ్‌లో మా ప్రార్థన మందిరం పియానోకు శ్రుతి చేయడానికి వచ్చే టాటర్సాల్ గారికి రెండు కళ్ళూ లేవు, అయినా బస్సు దిగి ఎవరి చెయ్యీ పట్టుకోకుండా నడిచి వచ్చేవాడు, పియానో మూత ఎత్తి తీగల మీద వేళ్ళు పెట్టి, ఏం నాయనా, గుడ్డివాడు ఇదెలా చేస్తాడా అని చూస్తున్నావా, కళ్ళు పోతే ఏమీ పోలేదు, పోకూడనివి చెవులు అనేవాడు, ఇదిగో, నాకు ఇలాంటివే గుర్తొస్తాయి, ధైర్యం కోసం జేబు తడుముకుంటే చేతికి పామే తగులుతుంది, గోడ గడియారంలో రెండుకు పది నిమిషాలుంది, రెండింటికి ఎర్రలైటు వెలుగుతుంది, వెలిగాక ఎవరూ దగ్గకూడదు, కుర్చీ కదపకూడదు, నేను మాత్రం వాయించాలి, ఎడమ చెవిలో దూది కుక్కుకున్నాను, దాని మీద జుట్టు కప్పుకున్నాను, నలభై ఏడేళ్ళొచ్చినా ఈ జుట్టు ఇంకా చెవుల మీద పడుతూ ఉండటం ఒక్కటే రాక్ సంగీతం నాకు మిగిల్చిన ఆస్తి, హెడ్‌ఫోన్‌ను ఎడమవైపు చెవి వెనక్కి నెట్టి కుడివైపు గట్టిగా అదుముకున్నాను, దీనికి ఎవరూ అనుమానపడరు, ఈ పనిలో సగం మంది ఇలాగే పెట్టుకుంటారు, ఒక చెవితో టేపును వింటారు, ఇంకో చెవితో గదిని వింటారు, నేను ఒక చెవితో వింటూ ఇంకో చెవిని దాస్తున్నానని నాకూ దేవుడికీ తప్ప ఎవరికీ తెలియదు, డాక్టరుకు తెలుసు, సరే, ముగ్గురికి.

మూడు వారాల క్రితం మంగళవారం పొద్దున పొయ్యి మీద టీ కెటిల్ కూసింది, రెండు కెటిళ్ళు కూశాయి, మా ఇంట్లో ఉన్నది ఒక్కటే, హిలరీ మెట్లు దిగుతూ, ఆపవయ్యా బాబూ దాన్ని, చెవులు చిల్లులు పడుతున్నాయి అంది, ఇరవయ్యేళ్ళుగా నా భార్య రోజూ పొద్దున అనే మాటే, ఆ రోజు మాత్రం నా ఒళ్ళు జల్లుమంది, ముందు గదిలోకి వెళ్ళి పియానో మీద ఒక్క మీట నొక్కాను, కుడి చెవిలో ఒక స్వరం, ఎడమ చెవిలో దానికి సగం మెట్టు కింద ఇంకో స్వరం, రెండూ ఒకదాన్నొకటి కొరుక్కుంటున్నాయి, మళ్ళీ నొక్కాను, మళ్ళీ రెండు, శవం మీద దుప్పటి కప్పినట్టు మూత మూసేసి వచ్చి టీ తాగాను, ఆసుపత్రిలో డాక్టరు చిన్నవాడు, మీరేం చేస్తారండీ అన్నాడు, కీబోర్డు వాయిస్తాను, ఓహో, ఏ బ్యాండు, ఎప్పుడో, కాపర్ కెటిల్స్ అని, అయ్య బాబోయ్, మా నాన్న దగ్గర మీ రికార్డు ఉండేదండీ అన్నాడు, అని కాగితం మీద చెవి బొమ్మ గీసి, లోపల సన్నటి వెంట్రుకలుంటాయి, డ్రమ్ముల పక్కన అన్నేళ్ళు కూర్చుంటే చచ్చిపోతాయి, చచ్చినవి మళ్ళీ మొలవవు, అందుకే ఆ చెవికి స్వరం తప్పుగా వినిపిస్తోంది అన్నాడు, మరి రెండో చెవి అన్నాను, పెన్ను మూత పెట్టుకుంటూ, చెప్పలేం అన్నాడు, రావచ్చు, రాకపోవచ్చు, చెప్పలేం, హిలరీకి చెప్పలేదు, చెప్తే ఏడుస్తుంది, ఏడ్చి వాళ్ళ చెల్లెలికి చెప్తుంది, అదీ కాదు, నోటితో ఒకసారి అంటే అది నిజమైపోతుంది, అనకపోతే ఇంకా కొంచెం నిజం కానట్టే ఉంటుంది, చిన్నపిల్లాడి లెక్క, నాకు తెలుసు.

గాజు అద్దం అవతల జూలియన్ ఫేర్‌బ్రాస్ కూర్చుని ఉన్నాడు, ఈ రికార్డు తయారు చేస్తున్నవాడు, ముప్ఫై దాటి నాలుగేళ్ళు కాలేదు, మర్యాద వాడి ఒంట్లో నెత్తురుతో పాటు తిరుగుతుంది, నెవిల్ గారూ, టీ ఏమైనా పంపమంటారా, వద్దండీ, బిస్కెట్లు, వద్దండీ, చెవులు రెండు పంపించు నాయనా అనబోయి ఊరుకున్నాను, డ్రమ్ములూ పాటా పోయిన వారమే టేపు మీదికి ఎక్కేశాయి, ఇవాళ దాని మీద మేం వాయించాలి, నేనూ, బేస్ గిటారూ, పన్నెండు మంది తీగవాద్యాలవాళ్ళూ, వాళ్ళకు పెద్ద, వయొలిన్ వాయించే ఆబ్రీ పినక్, తెల్లజుట్టు, కోటు కుర్చీకి తగిలించి పెన్సిలు చెవి సందున పెట్టుకుని సంధ్యావందనానికి కూర్చున్నట్టు కూర్చున్నాడు, నా కుడిపక్కన బేస్ గిటారుతో గ్వెన్ టార్డాఫ్, యార్క్‌షైర్ మనిషి, నోట్లో నువ్వుగింజ నానదు, పద్దెనిమిదేళ్ళుగా పక్కపక్కన కూర్చుంటున్నాం, నేనే కావాలని ఇవాళ ఆమెను కుడివైపు కూర్చోబెట్టాను, అటు వెలుతురు బాగుంటుంది గ్వెన్ అని అబద్ధమాడి, వెలుతురుతో నాకేం పనయ్యా, నేనేమైనా ఊలు అల్లుతున్నానా అంటూనే కూర్చుంది, ఈ పనిలో ఒక ఆచారం ఉంది, ఎక్కడా రాసి ఉండదు, తప్పు వాయించినవాణ్ణి తప్పు వాయించావని ఎవరూ అనరు, మూడు గంటల పనికి వచ్చిన మనిషి, బాధపెట్టి లాభమేముంది, బ్రహ్మాండం అంటారు, ఇంకొక్కసారి వాయిద్దాం, ఎందుకైనా మంచిది అంటారు, అయిదు కాగానే తలుపు దాకా వచ్చి చెయ్యి కలుపుతారు, అంతే, ఆ తర్వాత ఇంట్లో ఫోను మోగదు, ఎవరికి ఏ వాద్యగాడు కావాలన్నా కుదిర్చిపెట్టే మిసెస్ పాస్క్ తన డైరీలో మన పేరు మీద పెన్సిలుతో గీత గీస్తుంది, అది కూడా సన్నగా, మర్యాదగా, ఎవరూ తిట్టరు, ఎవరూ పొమ్మనరు, ఫోను మోగకపోవడం ఒక్కటే ఉత్తరం.

విల్ఫ్ గార్‌సైడ్‌కు అలాగే వచ్చింది ఆ ఉత్తరం, డెబ్భై నాలుగు జనవరి, బొగ్గుగనుల వాళ్ళ గొడవకు దేశమంతా వారానికి మూడు రోజులే కరెంటు, దుకాణాల్లో కొవ్వొత్తుల కోసం కొట్లాటలు, స్టూడియో వాళ్ళు పెరట్లో డీజిల్ జనరేటర్ పెట్టుకుని పని నడుపుకుంటున్నారు, నాకప్పుడు పాతికేళ్ళు, మా బ్యాండు చెదిరిపోయింది, లండన్‌లో ఎవరూ నా మొహం ఎరగరు, తెలిసినవాడొకడు, వచ్చి ఒక మూల కూర్చుని చూడు, పెద్దవాళ్ళు ఎలా చేస్తారో తెలుస్తుంది అంటే వెళ్ళి కూర్చున్నాను, విల్ఫ్‌కు అరవై దాటాయి, మెడకు బో టై కట్టుకుని వచ్చే పియానో మనిషి, ఆ రోజు పాటకు ఆర్గాన్ కావాలంటే, పోనీ నేనే వాయిస్తాలెండి అని దాని ముందు కూర్చున్నాడు, మొదలు పెట్టాడు, అపశ్రుతి, వెనక వయొలిన్లు ఒక దారి, విల్ఫ్ ఒక దారి, ఆపారు, మళ్ళీ మొదలుపెట్టారు, మళ్ళీ అంతే, విల్ఫ్ కళ్ళజోడు తీసి తుడుచుకున్నాడు, పెట్టుకున్నాడు, మళ్ళీ తీసి తుడుచుకున్నాడు, అద్దాలు తుడిస్తే చెవులు బాగుపడతాయా, మొహం సున్నం కొట్టిన గోడలా అయిపోయింది, ఎవరూ ఏమీ అనలేదు, బ్రహ్మాండం విల్ఫ్ అన్నారు, ఇంకొక్కసారి అన్నారు, అయిదయ్యాక వరసగా నిలబడి చెయ్యి కలిపారు, వరస చివర నేను కూడా నిలబడ్డాను, బ్రహ్మాండం సార్ అన్నాను, ఆయన నా చెయ్యి పట్టుకుని ఒక్క క్షణం నా కళ్ళలోకి చూశాడు, ఏదో అడగబోయినట్టు, అడగలేదు, వారం తిరక్కుండా మిసెస్ పాస్క్ నాకు ఫోన్ చేసింది, మీరు ఆర్గాన్ వాయిస్తారటగా, గురువారం ఖాళీయేనా అంది, ఆ గురువారం నుంచి ఇవాళ్టి దాకా నేను కూర్చుంటున్నది విల్ఫ్ కుర్చీలో, ఆయన తర్వాత పెంజ్‌లో ఎక్కడో చిన్నపిల్లల నాట్యం బడిలో పియానో వాయించాడట, డెబ్భై తొమ్మిదిలో పోయాడు, పూలు పంపాను, వెళ్ళలేదు, ఆ రోజు నాకు రెండు నుంచి అయిదు పని ఉంది.

ఎర్రలైటు, వెలిగింది, చేతులు మీటల మీద ఉన్నాయి, చేతులకు భయం తెలియదు, వాటి దారిన అవి పోతాయి, మొదటి పది క్షణాలు నేనొక్కణ్ణే, నాలుగు స్వరాలు ఒకదాని వెంట ఒకటి మెల్లగా దిగుతాయి, దిగాయి, బాగున్నాయి, కుడి చెవిలో ఒక్కటొక్కటిగా స్పష్టంగా ఉన్నాయి, అమ్మయ్య, ఒక చెవి చాలులే, నేను చెప్పలేదూ, ఇప్పుడు గ్వెన్ వస్తుంది, వచ్చింది, నా ప్రాణం జివ్వున లాగేసింది, తేడా, ఆమె స్వరానికీ నా స్వరానికీ మధ్య సన్నటి ఇసుక, పళ్ళ కింద పడ్డట్టు, సగం మెట్టు కూడా కాదు, అందులో సగం, వయొలిన్లు లేచాయి, ఇసుక ఎక్కువైంది, దూది జారిందా, లేదు, ఎడమ చెవి మూసే ఉంది, ఇది కుడి చెవి, ఇది నా కుడి చెవి, చెప్పలేం అన్నాడు కదా, రావచ్చు అన్నాడు కదా, వచ్చేసింది, మూడు వారాలు కూడా ఆగలేదు, వీపు మీదుగా చెమట కారుతోంది, మొహం మీద మాత్రం చిరునవ్వు పెట్టుకున్నాను, జూలియన్ అద్దంలోంచి చూస్తున్నాడు, నవ్వుతూ తల ఊపుతూ వాయించాను, ఇరవై రెండేళ్ళ అలవాటు, ఇల్లు తగలబడుతున్నా చిరునవ్వుతో వాయించేవాడికే మళ్ళీ పిలుపు వస్తుంది, పాట అయిపోయింది, లైటు ఆరింది, ఎవరూ మాట్లాడలేదు, ఆ మౌనం నాకు తెలుసు, ఒకసారి దాని వరస చివర నిలబడ్డవాణ్ణి, స్పీకర్లోంచి జూలియన్ గొంతు వచ్చింది, బ్రహ్మాండం అండీ, అందరికీ థాంక్స్, ఇంకొక్కసారి వాయిద్దామా, ఎందుకైనా మంచిది.

ఎందుకైనా మంచిది, విన్నావా నెవిల్, ఎందుకైనా మంచిదట, ఆబ్రీ పినక్ వయొలిన్ చెవికి ఆనించుకుని తీగ బిగిస్తున్నాడు, వాళ్ళంతా తల దించుకుని తీగలు సవరించుకుంటున్నారు, పాపం, నా మొహం చూడలేక, గ్వెన్ కూడా శ్రుతి సరిచూసే తన చిన్న పెట్టె ముందు వంగి ముల్లును చూసుకుంటోంది, ఆమె కూడా నా వైపు చూడటం లేదు, పోనీ నా కీబోర్డులో ఏదైనా, ఛీ, ఆడలేక మద్దెల ఓడన్నట్టు, ఇది తీగల పియానో కాదు, ఎలక్ట్రిక్ యంత్రం, వానకు ఉబ్బదు, ఎండకు కుంగదు, దీనికి శ్రుతి తప్పడం తెలియదు, తప్పేది మనిషే, రెండోసారి లైటు, రెండోసారి ఇసుక, ఈసారి ఇంకా ఘోరం, ఇప్పుడు దేనికోసం వింటున్నానో నాకు తెలుసు, మొన్న టాక్సీలో రేడియో పెట్టారు, అందరికీ తెలిసిన ఆ పాట, దాని మొదట ఆర్గాన్ పలికే వరస నాది, ఒక బుధవారం మధ్యాహ్నం శాండ్‌విచ్ పక్కన పెట్టుకుని అల్లినది, టాక్సీ అతను స్టీరింగు మీద వేళ్ళతో కొడుతూ, ఈ ముక్క వింటే ప్రాణం లేచొస్తుందండీ, ఎవడు వాయించాడో కానీ అన్నాడు, రికార్డు అట్ట మీద నా పేరు లేదు, ఉండదు, అద్దెకు వచ్చిన చేతులకు పేరుండదు, అది నాకెప్పుడూ బాధ కాలేదు, పేరు లేకపోయినా పని ఉంది కదా, ఫోను మోగుతోంది కదా, ఇక మోగకపోతే నేనెవణ్ణి, నాకు ఇంకే పనీ చేతకాదు, పదిహేడేళ్ళకు చదువు మానేసి బ్యాండు వ్యాన్ ఎక్కాను, మా ఆర్గాన్‌ను నలుగురం కలిసి శవపేటికలా మెట్లెక్కించి, పొలాల్లో, బురదలో, మునిసిపల్ హాళ్ళలో వాయించాను, మా అమ్మ, ఎందుకురా ఆ దయ్యాల సంగీతం, హాయిగా నూలు మిల్లు ఆఫీసులో కూర్చోరాదూ అని ఏడ్చింది, ఆ మిల్లు కూడా ఇప్పుడు లేదు, మూడోసారి లైటు, మూడోసారి వాయించాను, కన్నీళ్ళొస్తున్నాయి, చిరునవ్వు తీయలేదు, బ్రహ్మాండం అండీ అన్నాడు జూలియన్, ఈసారి గొంతులో చిన్న తడబాటు, పది నిమిషాలు ఆగుదామా, టీ తాగుదాం.

టీ, ఎవరూ లేవలేదు, లేచి పారిపోదామా, కడుపులో బాగాలేదని చెప్పి కోటు తీసుకుని, కోటు ఎక్కడ పెట్టాను, ఈలోగా గ్వెన్ హెడ్‌ఫోన్ తీసి కుర్చీ మీదికి విసిరింది, ఏమయ్యా, ఇది నాకు తేలాలి అంటూ వచ్చింది, మోకాళ్ళ మీద కూర్చుని నా కీబోర్డు వెనక తీగను పీకింది, పీకి తన శ్రుతి పెట్టెకు గుచ్చింది, అరచేతిలో పట్టేంత పెట్టె, అద్దం వెనక ఒక ముల్లు, స్వరం సరిగ్గా ఉంటే ముల్లు నిటారుగా నిలబడుతుంది, ఏదో ఒక మీట నొక్కు నెవ్ అంది, నొక్కలేను, ముల్లు నిటారుగా నిలబడితే యంత్రం మంచిదని తేలుతుంది, యంత్రం మంచిదైతే మిగిలేది నేను, పద్దెనిమిది మంది ముందు, కాదు, ఎంతమంది, లెక్క కూడా పోయింది, తేలుకుట్టిన దొంగలా కూర్చున్నాను, నొక్కవయ్యా, చేతులకు తిమ్మిరెక్కిందా, నొక్కాను, ముల్లు లేచింది, నిటారుగా రాలేదు, ఎడమవైపుకు వాలి అక్కడే పడుకుంది, గ్వెన్ దాన్ని చూసింది, నన్ను చూసింది, నెమ్మదిగా అడిగింది, నెవిల్ ఆర్మరాడ్ గారూ, ఆదివారం ఎవరింట్లో ఏ ముసలి పియానో పక్కన కూర్చుని వాయించారు మీరు, బెక్స్‌హిల్, దేవుడా, బెక్స్‌హిల్, హిలరీ చెల్లెలి పెళ్ళయి పాతికేళ్ళయిందని విందు, బంతాట క్లబ్బు హాల్లో రాణిగారి పట్టాభిషేకం నాటినుంచి ఎవరూ శ్రుతి చేయని పియానో, దాన్ని రెండు వేళ్ళతో వాయించి తీరతానన్న నా తోడల్లుడు, ఇద్దరం కలిసి వాయించాలంటే ఒకటే దారి, కుంగిపోయిన పియానో లేవదు కాబట్టి నేనే నా యంత్రాన్ని దాని దాకా దించాను, పక్కన చిన్న బొత్తాం ఉంటుంది, నొక్కితే మొత్తం కీబోర్డు పావు మెట్టు దిగుతుంది, దించినవాణ్ణి మళ్ళీ ఎత్తలేదు, ఈ పాడు యంత్రం కరెంటు తీసేసినా గుర్తుపెట్టుకుంటుంది, అన్నీ గుర్తుపెట్టుకుంటుంది, నా మొహం చూసి గ్వెన్‌కు అర్థమైపోయింది, దద్దమ్మా అంది, గదంతా వినిపించేలా అంది, నీ తలకాయలో ఉన్నది మెదడా జున్నా, మూడుసార్లు, మూడుసార్లు వాయించావయ్యా అలా, నేను నా తీగలే పుచ్చిపోయాయనుకున్నాను.

తిట్టింది, నన్ను ఇన్నేళ్ళలో ఈ గదుల్లో మొదటిసారి ఒక మనిషి తిట్టింది, ఆ తిట్టు కన్నా తియ్యటి సంగీతం నేను వినలేదు, నా కుడి చెవి బతికే ఉంది, మూడుసార్లూ నిజమే చెప్పింది, నమ్మనిది నేను, నవ్వాను, ఏడుపు లాంటి నవ్వు, ఆబ్రీ పినక్ వయొలిన్ ఒళ్ళో పెట్టుకుని కళ్ళు మూసుకున్నాడు, దేవుడు ఉన్నాడండీ అన్నాడు, నేను తప్పు నా చెవిదే అనుకున్నాను, ఈస్టర్ నుంచీ నాదే అనుకుంటున్నాను అన్నాడు, అనేశాక నాలిక కరుచుకున్నాడు, వెనక వరసలో చెలో వాయించే ఆవిడ, నేనైతే రాత్రి తాగిన జిన్ అనుకున్నాను, ఇక జన్మలో ముట్టుకోనని ఒట్టు కూడా పెట్టుకున్నాను, ఆ ఒట్టు ఇప్పుడు చెల్లదుగా అంది, అందరూ గొల్లుమన్నారు, స్పీకర్లోంచి జూలియన్, నేను టేపు యంత్రం నెమ్మదించిందేమో, నాకే తెలియలేదేమో అని, అంటే, మీకు ఎలా చెప్పాలో తెలియక అన్నాడు, గుమ్మడికాయల దొంగెవరంటే గదిలో అందరూ భుజాలు తడుముకుంటూ కూర్చున్నాం, దొంగ ఒక్కడే, ఎర్ర బొత్తామంత ఉన్నాడు, నొక్కితే పోయాడు, గ్వెన్ మళ్ళీ ముల్లు పెట్టి చూసింది, నిటారుగా నిలబడింది, అందరూ చప్పట్లు కొట్టారు, నేను లేచి వంగి దండం పెట్టాను.

టీ వచ్చింది, భయం దిగిపోవాలి కదా ఇప్పుడు, ఎందుకు దిగదు, కుంగిన పియానో కోసం యంత్రాన్ని దించడం, దించి మరిచిపోవడం, ఎంత చిన్న సంగతి, ఎవరో ఒకరు వచ్చి ముల్లు పెట్టి చూస్తే తేలిపోయే సంగతి, విల్ఫ్ దగ్గరికి ఎవరూ రాలేదు, రాలేదు, ఆయన ముందున్నది ఆర్గాన్, ఆ పాత ఆర్గాన్ కరెంటుతో తిరిగే చక్రాల పెట్టె, కరెంటు నీరసిస్తే చక్రాలు నీరసిస్తాయి, స్వరం కిందికి జారుతుంది, ఆ రోజు కరెంటు పెరట్లో జనరేటర్‌ది, డీజిల్ వాసన మెట్ల దాకా వచ్చింది, నేను దాని పక్కనుంచే నడిచి లోపలికి వెళ్ళాను, అది ఆయాసపడుతూ కొట్టుకుంటోంది, విల్ఫ్‌కు తెలియదు, ఆయన పియానో మనిషి, వయొలిన్లవాళ్ళకు తెలియదు, వాళ్ళకు కరెంటుతో పనేముంది, ఆ గదిలో పొలాల్లో జనరేటర్ల మీద ఆర్గాన్ వాయించి వచ్చినవాడు ఒక్కడే, ఉప్పు ఉప్పగా ఉంటుందని తెలిసినంత బాగా తెలిసినవాడు ఒక్కడే, మూల కుర్చీలో కూర్చున్నవాడు, ఆ రోజు నాకు తట్టలేదు అని ఇరవై రెండేళ్ళుగా అనుకుంటున్నాను, అబద్ధం, తట్టింది, మొదటి స్వరానికే తట్టింది, సార్, మీది కాదు, కరెంటుది అన్న మాట గొంతు దాకా వచ్చింది, ఆయన కుర్చీ కనిపించింది, నోట్లోంచి వచ్చింది మాత్రం బ్రహ్మాండం సార్, ఆయన నా కళ్ళలోకి చూశాడు, ఆయన చెవులు బాగున్నాయి, చచ్చేదాకా బాగున్నాయి, పెంజ్‌లో పిల్లలకు వాయిస్తూ అయిదేళ్ళు తన చెవులు పోయాయని నమ్ముతూ చచ్చిపోయాడు ఆ మనిషి, నేను పూలు పంపాను.

అందరూ కప్పులు కింద పెడుతున్నారు, గ్వెన్ నా తీగను మళ్ళీ నా కీబోర్డుకు తగిలించి లేవబోతోంది, నోట్లో నువ్వుగింజ నానని మనిషి, ఈమెకు చెప్తే సాయంత్రానికి లండన్ అంతా పాకుతుంది, మిసెస్ పాస్క్ పెన్సిలు చెక్కుకుంటుంది, ఇవాళ తప్పించుకున్నాను కదా, నెపం బొత్తాం మీద పెట్టి ఇంకో ఏడాది లాగవచ్చు కదా, దూది ఉంది, జుట్టు ఉంది, గ్వెన్, అన్నాను, నా ఎడమ చెవి పోయింది, అనేశాను, నేల కుంగలేదు, ఆమె అయ్యో అనలేదు, మళ్ళీ మోకాళ్ళ మీదికి కూలబడి, ఎంత అంది, సగం మెట్టు కింద వినిపిస్తుంది, ఎప్పట్నుంచి, మూడు వారాలు, కుడిది, బాగానే ఉందని ఇప్పుడే తెలిసింది, హిలరీకి చెప్పావా, లేదు, సిగ్గు లేదూ నీకు, ముందు ఇంటికెళ్ళి ఆ ఇల్లాలికి చెప్పు, సరే, మరి ఇవాళ, ఇవాళ ఏముంది, వాయించు, తప్పితే నేను అంటాను, అందరి ముందూనా, అందరి ముందే, నీకు తలకొట్టేసినట్టయితే అది నీ ఖర్మ అంది, అని మోకాలి దుమ్ము దులుపుకుని వెళ్ళి గిటారు ఎత్తుకుంది, ఎర్రలైటు వెలిగింది, గది ఊపిరి బిగబట్టింది, రేపో మాపో కుడిది కూడా పోవచ్చు, ఫోను మోగకపోవచ్చు, అది కూడా భయమే, కానీ అది నాతో పాటు కూర్చుని టీ తాగగలిగే భయం, ఇన్నాళ్ళూ నా నిద్ర చెడగొట్టింది అది కాదు, ఈ మూడు వారాలూ నేను వణికింది చెవి పోతుందని కాదు, నేను తప్పు వాయించే రోజున గదిలో ఒక మూల నాలాంటివాడు కూర్చుని ఉంటాడని.